విడాకుల కేసు గెలిచారా? అప్పీల్లో మీ ప్రవర్తన కూడా చదువుతారు

ఈ ఎపిసోడ్ కొంచెం సీరియస్. మధ్యలో స్కిప్ చేయకండి, ఎందుకంటే మీకో, మీ ఫ్రెండ్‌కో, మీ అక్కకో ఎప్పుడో ఒకప్పుడు పనికొచ్చే విషయం ఇది.

పోయిన నెల ఒక సాయంత్రం నా బీటెక్ క్లాస్‌మేట్ ఫోన్ చేశాడు. "మామా, ఫిల్మ్‌నగర్లోనే ఉన్నావా? కృష్ణానగర్ రా, టీ తాగుదాం" అన్నాడు. వెళ్ళా. టీ చెప్పకముందే జేబులోంచి పెన్‌డ్రైవ్ తీసి టేబుల్ మీద పెట్టాడు. "ఇందులో అన్నీ ఉన్నాయి రా. చాట్లు, కాల్ రికార్డింగులు, ఆమె కోర్టులో వేసిన కౌంటర్ కాపీ. పేర్లతో సహా ఒక వీడియో చెయ్. నీకు వ్యూస్ వస్తాయి, నాకు న్యాయం జరుగుద్ది."

వాడికి ఫ్యామిలీ కోర్టు విడాకులు ఇచ్చింది. క్రూరత్వం అనే గ్రౌండ్ మీద వాడే కేసు వేశాడు, గెలిచాడు. ఆమె హైకోర్టుకి అప్పీలుకి వెళ్ళింది. "గెలిచినోడికి మళ్ళీ ఈ టెన్షన్ ఏంది రా" అని వాడి బాధ. ఇంకో పక్క వాళ్ళమ్మ అప్పుడే మ్యాట్రిమొనీలో వాడి ప్రొఫైల్ పెట్టేసింది.

మీకు అబద్ధం చెప్పను. వాడు మాట్లాడుతుంటేనే నా బుర్రలో తంబ్‌నెయిల్ రెడీ అయిపోయింది. ఎర్ర బాణం, సగం బ్లర్ చేసిన ముఖం, పెద్ద పెద్ద అక్షరాలు. సాఫ్ట్‌వేర్ ఉద్యోగం మానేసి ఛానల్ పెట్టుకున్నోడికి వ్యూస్ అంటే ఇంటి అద్దె. అయినా ఎందుకో పెన్‌డ్రైవ్ తీసుకోలేదు. "రెండు రోజులు టైమివ్వు" అన్నా. ఆ రెండు రోజులు రెండు వారాలయ్యాయి. పాత తీర్పులు చదివా, హైకోర్టులో ప్రాక్టీస్ చేసే ఒక లాయర్‌ని విసిగించా. అప్పుడు అర్థమైంది, ఆ వీడియో చేసుంటే వాడి కేసుకి నేనే గొయ్యి తవ్వేవాణ్ణి.

ముందే చెప్తున్నా, నేను లాయర్‌ని కాదు. ఇది అర్థం చేసుకోవడానికి చెప్పే ఎపిసోడ్. మీ కేసులో ఏం చేయాలో మీ లాయర్ చెప్పాలి.

ముందు, నాకు తగిలిన షాక్

హిందూ వివాహ చట్టం, 1955. అందులో సెక్షన్ 22 అని ఒకటుంది. ఈ చట్టం కింద నడిచే కేసులన్నీ మూసిన తలుపుల వెనక జరగాలి. ఆ విచారణకి సంబంధించిన ఏ విషయాన్నీ ఎవరూ అచ్చు వేయకూడదు, ప్రచురించకూడదు. హైకోర్టు, సుప్రీంకోర్టు తీర్పులకు మాత్రమే మినహాయింపు, అది కూడా కోర్టు అనుమతితో. తప్పితే 1000 రూపాయల దాకా జరిమానా.

వెయ్యి రూపాయలే కదా అని మీకు నవ్వొచ్చు. నాకూ వచ్చింది. లాయర్ గారు నవ్వలేదు. "బాబూ, జరిమానా సంగతి వదిలెయ్. ఆ వీడియో లింకు రేపు హైకోర్టులో ఆమె లాయర్ చేతిలో ఉంటుంది. ఇదిగో మిలార్డ్, క్రూరత్వానికి గురయ్యానని చెప్పిన మనిషి అప్పీలు నడుస్తుండగా భార్య చాట్లు ఊరంతా చూపించాడు అంటారు. అప్పుడు మీ ఫ్రెండ్ ఏం చెప్తాడు?" అన్నారు.

నా దగ్గర జవాబు లేదు.

మన ఏరియాకి ఇది కొత్త కూడా కాదు. 2021 అక్టోబర్ 2న సమంత, నాగచైతన్య విడిపోతున్నామని ఒక చిన్న ప్రకటన ఇచ్చి, తమ ప్రైవసీ కాపాడమని అడిగారు. యూట్యూబ్ ఏం చేసిందో మీకు గుర్తుండే ఉంటుంది. చివరికి సమంత కొన్ని ఛానళ్ళ మీద కూకట్‌పల్లి కోర్టుకి వెళ్ళింది. ఆ కంటెంట్ తీసేయమని కోర్టు మధ్యంతర ఆదేశం ఇచ్చింది. జూబ్లీహిల్స్‌లో ఇల్లున్న స్టార్లకే ఆ గతి. మామూలు మనుషుల సంగతి చెప్పాలా?

అప్పీలు అంటే ఏంటి, అసలు?

చాలామంది అప్పీలు అంటే రీమ్యాచ్ అనుకుంటారు. స్కోరు మళ్ళీ సున్నా నుంచి మొదలవుతుందని. అలా ఉండదు.

నా భాషలో చెప్పాలంటే ఇది కోడ్ రివ్యూ లాంటిది. కింది కోర్టు రాసిన తీర్పుని, దాని వెనకున్న మొత్తం ఫైలుని పైకోర్టు మళ్ళీ చదువుతుంది. 1984 నాటి ఫ్యామిలీ కోర్టుల చట్టం సెక్షన్ 19 ప్రకారం ఫ్యామిలీ కోర్టు తీర్పు మీద అప్పీలు నేరుగా హైకోర్టుకి వెళ్తుంది. కనీసం ఇద్దరు జడ్జీలు వింటారు. చట్టం పాయింట్లే కాదు, జరిగిన విషయాలు కూడా మళ్ళీ చూడొచ్చు. ఇద్దరూ ఒప్పుకుని తీసుకున్న డిక్రీ మీద మాత్రం ఈ అప్పీలు ఉండదు.

మామూలుగా అప్పీల్లో కొత్త సాక్ష్యం పెట్టనివ్వరు. కోర్టు పర్మిషన్ కావాలి. కానీ కేసు వేసిన తర్వాత జరిగిన సంగతులు ముఖ్యమైనవైతే కోర్టు వాటిని చూడొచ్చు. ఈ ఎపిసోడ్ మొత్తం ఆ ఒక్క పాయింట్ మీదే. కేసు వేసిన రోజుతో కథ ఆగిపోదు. మీరు వేసే ప్రతి కాగితం, పెట్టే ప్రతి ఫిర్యాదు, కట్టని ప్రతి నెల భరణం లాగ్ ఫైల్లో రికార్డవుతూనే ఉంటాయి. డిలీట్ బటన్ లేదు.

ఒక్క రోజు కాపురం, దాదాపు 14 ఏళ్ళ కేసు

ఇది మన దగ్గర జరిగిన నిజమైన కేసు. తీర్పు పబ్లిక్‌గానే ఉంది, కానీ వాళ్ళు మామూలు మనుషులు కాబట్టి పేర్లు చెప్పను.

1999 ఏప్రిల్ 25న పెళ్ళి. మర్నాడే రెండు వైపుల పెద్దల మధ్య గొడవ. తిట్టుకున్నారు, చెప్పులు విసురుకున్నారు. ఇది నేను కలిపిన మసాలా కాదు, తీర్పులో ఉంది. ఏప్రిల్ 27 కల్లా కొత్త జంట విడిపోయింది. మళ్ళీ ఎప్పుడూ కలిసి ఉండలేదు.

అదే ఏడాది అక్టోబర్ 4న భార్య మహిళా రక్షణ విభాగంలో ఫిర్యాదు చేసింది. కట్నం వేధింపులు. దాంతో పాటు అత్తామామల మీద బయటికి చెప్పుకోలేని ఒక ఆరోపణ. అక్కణ్ణుంచి కేసుల మీద కేసులు, ఇటు నుంచి కూడా, అటు నుంచి కూడా. భర్త, తల్లిదండ్రులు ముందస్తు బెయిల్ కోసం తిరిగారు. భర్త హైకోర్టులోనే ఉద్యోగి. ఆయన్ని ఉద్యోగం నుంచి తీసేయమని హైకోర్టుకే ఫిర్యాదులు వెళ్ళాయి. 498-ఎ కేసులో ముందు శిక్ష పడింది, తర్వాత అప్పీల్లో కొట్టేశారు.

ఇవన్నీ నడుస్తుండగానే భార్య సికింద్రాబాద్ ఫ్యామిలీ కోర్టులో ఇంకో పిటిషన్ వేసింది. సెక్షన్ 9 కింద, నా భర్తతో కాపురానికి పంపించండి అని. భర్త అందులోనే విడాకులు అడిగాడు.

ఇప్పుడు మూడు కోర్టులు ఏమన్నాయో చూడండి.

ఫ్యామిలీ కోర్టు: ఆమె ఆ ఇంట్లో ఉన్నది ఒక్క రోజు. వేధించి గెంటేశారన్న మాట నిలబడట్లేదు. తప్పుడు ఫిర్యాదులతో, ఉద్యోగం చోట ఫిర్యాదులతో భర్తని మానసికంగా హింసించింది. విడాకులు మంజూరు. పెళ్ళప్పుడు మామగారిచ్చిన 80 వేలు మాత్రం భర్త వడ్డీతో తిరిగివ్వాలి.

ఆంధ్రప్రదేశ్ హైకోర్టు, 2006 నవంబర్ 8: అసలు కలిసి ఉండనప్పుడు ఒకరినొకరు హింసించుకోవడం ఎక్కడిది? విడాకులు రద్దు.

సుప్రీంకోర్టు, 2013 ఫిబ్రవరి 22: ఒకే కప్పు కింద ఉంటేనే మానసిక హింస అనుకోవడం తప్పు. వేరేగా ఉంటూ కూడా ప్రవర్తనతో హింసించొచ్చు. నిరాధారమైన, పరువు తీసే ఆరోపణలు కోర్టు కాగితాల్లో రాయడం, అవతలి వాళ్ళ ఉద్యోగానికి ఎసరు పెట్టే ఫిర్యాదులు చేయడం, మళ్ళీ మళ్ళీ తప్పుడు కేసులు వేయడం, ఇవన్నీ ఆ కేసు పరిస్థితుల్ని బట్టి మానసిక క్రూరత్వం కిందికి రావచ్చు. విడాకులు మంజూరు. భర్త శాశ్వత భరణంగా 15 లక్షలు ఇవ్వాలి.

అర్థమైందా? పెళ్ళిలో గడిచింది ఒకటి రెండు రోజులు. కోర్టు ముందు ప్రవర్తనగా నిలబడింది ఆ తర్వాతి పదమూడేళ్ళు. కేసు నడిపిన తీరే కేసులో పాయింట్ అయిపోయింది.

ఇంకో విషయం. భార్య ఒక పక్క భర్తతో కాపురం కావాలని పిటిషన్ వేసింది. ఇంకో పక్క అతని ఉద్యోగం తీసేయమని రాసింది. రెండు కాగితాలూ ఒకే ఫైల్లో ఉంటే చదివే జడ్జికి ఏమనిపిస్తుంది? మనలో చాలామంది చేసే తప్పు ఇదే. ప్రతి కేసూ వేరు వేరు ట్యాబ్ అనుకుంటాం. కోర్టుకి అవన్నీ ఒకటే విండో.

"అది కేసు వేశాక జరిగింది, లెక్కలోకి రాదు" అంటే?

ఈ వాదన కూడా ఒక కేసులో వచ్చింది. అదీ మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నుంచి వెళ్ళిన అప్పీలే. 2014 నవంబర్ 19న సుప్రీంకోర్టు తీర్పు.

భర్త 1995లో విడాకుల కేసు వేశాడు. ఆ తర్వాత భార్య భర్త మీద, అతని కుటుంబం మీద క్రిమినల్ కేసు పెట్టింది. అందరూ నిర్దోషులుగా బయటపడ్డారు. ఫ్యామిలీ కోర్టు విడాకులిస్తే హైకోర్టు రద్దు చేసింది. సుప్రీంకోర్టులో ఆమె తరఫు వాదన ఏంటంటే, ఆ క్రిమినల్ కేసు సంగతి భర్త విడాకుల పిటిషన్లో లేదు కదా, దాన్నెలా చూస్తారు?

సుప్రీంకోర్టు ఏమందంటే, పిటిషన్ తర్వాత జరిగింది కాబట్టి అందులో ఉండదు. కానీ తర్వాతి పరిణామాల్ని కోర్టు చూడొచ్చు. పైగా ఇద్దరికీ ఆ విషయం తెలుసు, విచారణలో ఎవరూ అభ్యంతరం చెప్పలేదు. కావాలని పెట్టిన తప్పుడు క్రిమినల్ కేసు ఒక్కటి చాలు, క్రూరత్వానికి. విడాకులు మళ్ళీ వచ్చాయి.

అంటే ఫ్యామిలీ కోర్టు మెట్లు ఎక్కిన రోజు కెమెరా ఆగదు. అప్పుడే ఆన్ అవుతుంది.

ఆగండి, ఇది ఆడవాళ్ళ మీద ఎపిసోడ్ కాదు

కింద కామెంట్లలో "కరెక్ట్ బ్రో, అందరూ ఫేక్ కేసులే" అని టైప్ చేసే బ్రదర్స్ ఒక్క నిమిషం ఆగండి.

ఫిర్యాదు చేయడం వేరు, తప్పుడు ఫిర్యాదు చేయడం వేరు. కట్నం కోసం కొట్టే ఇళ్ళు నిజంగా ఉన్నాయి. అలాంటి ఇంట్లో ఉన్న అమ్మాయి పోలీసుల దగ్గరికి వెళ్ళడం ఆమె హక్కు. 498-ఎ ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 85, 86 సెక్షన్లుగా ఉంది, 2024 జులై 1 నుంచి. చట్టం మాయం కాలేదు.

2019 నవంబర్‌లో ఇంకో తెలుగు జంట కేసులో సుప్రీంకోర్టు 498-ఎ విచారణ ఎదుర్కొని నిర్దోషిగా బయటపడ్డ భర్తకి విడాకులిచ్చింది. అదే తీర్పులో ఇంకో మాట కూడా ఒప్పుకుంది. చట్టంలో ఉన్న పరిహారం కోసం ఫిర్యాదు చేసినంత మాత్రాన, మెయింటెనెన్స్ అడిగినంత మాత్రాన అది క్రూరత్వం అయిపోదు. కేసు కొట్టేసిన ప్రతిసారీ అవతలి వాళ్ళు అబద్ధమాడారని కూడా కాదు. సాక్ష్యం చాలక పోయిన కేసులూ ఉంటాయి. కోర్టు ఆ తేడా చూస్తుంది.

ఇప్పుడు భర్తల వైపు చూద్దాం. హిందూ వివాహ చట్టం సెక్షన్ 23 ఒక సింపుల్ రూల్ చెప్తుంది. మీ తప్పునే మెట్టుగా చేసుకుని విడాకులు తీసుకోకూడదు.

దీనికి మంచి ఉదాహరణ 2001 నాటి కేసు, కర్ణాటక నుంచి సుప్రీంకోర్టుకి వెళ్ళింది. భర్తకి వేరే సంబంధం ఉందని భార్య జ్యుడీషియల్ సెపరేషన్ తెచ్చుకుంది. అంటే పెళ్ళి ఉంటుంది, కలిసి ఉండక్కర్లేదు. భరణం కట్టమని కోర్టు చెప్పింది. భర్త కట్టలేదు. ఆ సంబంధం కూడా మానలేదు. ఏడాది గడిచాక "కలిసి ఉండట్లేదు కాబట్టి విడాకులివ్వండి" అని ఆయనే వచ్చాడు. కోర్టు కుదరదంది. కోర్టు చెప్పిన డబ్బు కట్టకుండా, అదే తప్పు కొనసాగిస్తూ, ఆ దూరాన్నే కారణంగా చూపిస్తే ఎలా అంది. భర్త ఓడిపోయాడు.

సినిమా వాళ్ళ కేసు ఒకటి, దాని తర్వాత కథ

ఫిల్మ్‌నగర్లో కూర్చుని ఈ టాపిక్ మాట్లాడుతూ నటి సరిత గారి కేసు చెప్పకపోతే తప్పు. లా కాలేజీల్లో ఈ కేసు తప్పకుండా చెప్తారు. మనకే తెలీదు.

ఆమె భర్త కడప కోర్టులో సెక్షన్ 9 పిటిషన్ వేశారు, కాపురానికి రమ్మని. విషయం హైకోర్టుకి వచ్చింది. 1983లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు జడ్జి జస్టిస్ పి.ఎ. చౌదరి ఆ సెక్షన్నే కొట్టేశారు. ఇష్టం లేని మనిషిని కాపురం చేయమని ప్రభుత్వం బలవంతపెట్టడం ఆ మనిషి గౌరవానికి, ప్రైవసీకి విరుద్ధం అన్నారు. 1983లో ఆ మాట అన్నారు, గుర్తుపెట్టుకోండి.

కానీ అది ఎక్కువ కాలం నిలవలేదు. మరుసటి ఏడాది, 1984లో, పంజాబ్ నుంచి వచ్చిన వేరే కేసులో సుప్రీంకోర్టు సెక్షన్ 9 చెల్లుతుందని చెప్పింది. ఆ పంజాబ్ కేసులో గొడవ కూడా ప్రవర్తన మీదే. భార్య కాపురం కావాలని వేస్తే భర్త సరేనని డిక్రీకి ఒప్పుకున్నాడు. ఏడాది తర్వాత అదే డిక్రీ చూపించి, మేం కలవలేదు కాబట్టి విడాకులివ్వండన్నాడు. భార్య అంది, నన్ను గెంటేసిందే అతను, తన తప్పుతో తనే లాభపడుతున్నాడు అని. సుప్రీంకోర్టు విడాకులిచ్చింది. కలిసి ఉండటానికి ఇష్టపడకపోవడం ఒక్కటే సెక్షన్ 23 చెప్పే తప్పు కిందికి రాదు, అంతకు మించి గట్టి దుష్ప్రవర్తన రుజువు కావాలంది.

ఈ కేసునీ, ఇందాకటి 2001 కేసునీ పక్కపక్కన పెట్టి చూడండి. ఒక చోట గట్టి తప్పు రుజువు కాలేదు, భర్తకి విడాకులొచ్చాయి. ఇంకో చోట భరణం ఎగ్గొట్టడం, వేరే సంబంధం కొనసాగించడం రికార్డులో ఉన్నాయి, రాలేదు. సెక్షన్ అదే. తేడా ప్రవర్తనలో, దాని రుజువులో.

మీ చేతిలో ఉన్న ఫోన్ సంగతి

ఇప్పుడు మా వాడి పెన్‌డ్రైవ్ దగ్గరికి వద్దాం. కాల్ రికార్డింగులు.

ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ముందు ఒక కేసు వచ్చింది. అమెరికాలో ఉన్నప్పుడు భర్త భార్య ఫోన్ మాటల్ని, ఆమె ఇక్కడి తల్లిదండ్రులతో, ఫ్రెండ్స్‌తో మాట్లాడినవి రికార్డ్ చేశాడు. హైకోర్టు ఒప్పుకోలేదు. పెళ్ళాం అయినంత మాత్రాన ఆమె ప్రైవసీ పోదు, అలా ట్యాప్ చేయడం చట్టవిరుద్ధం, ఆ టేపులు నిజమైనవే అయినా సాక్ష్యంగా తీసుకోం అంది.

2025 జులై 14న సుప్రీంకోర్టు ఇంకో రాష్ట్రం కేసులో వేరే దారి పట్టింది. భార్యాభర్తలు తమ మధ్య మాటల్ని ఒకరికి తెలియకుండా ఒకరు రికార్డ్ చేసినా, వాళ్ళిద్దరి మధ్య కేసులో వాటిని సాక్ష్యంగా చూడొచ్చంది. ఒకరి మీద ఒకరు నిఘా పెట్టుకునే దాకా వచ్చారంటే ఆ పెళ్ళి అప్పటికే విరిగిపోయిందనడానికి అదే గుర్తు అన్నది కోర్టు ఆలోచన.

దీన్నుంచి రెండు విషయాలు గుర్తుపెట్టుకోండి. ఒకటి, కోపంలో మీరు పంపిన వాయిస్ నోట్ అవతలి వాళ్ళ ఫోన్లో ఉంది, రేపు కోర్టులో వినిపించొచ్చు. రెండు, కోర్టుకి ఇవ్వొచ్చు అంటే ఇన్‌స్టాలో పెట్టొచ్చని కాదు. జడ్జి ముందు పెడితే అది సాక్ష్యం. స్టోరీలో పెడితే అది మీ మీదే సాక్ష్యం.

డబ్బు దాచడం కూడా ప్రవర్తనే

2020 నవంబర్ 4న సుప్రీంకోర్టు భరణం కేసులకి ఒక పద్ధతి పెట్టింది. ఆ బెంచ్‌లో మన జస్టిస్ ఆర్. సుభాష్ రెడ్డి గారు కూడా ఉన్నారు. భార్యా భర్తా ఇద్దరూ తమ జీతం, ఆస్తులు, అప్పులు, ఖర్చులు అన్నీ అఫిడవిట్‌లో చెప్పాలి. అబద్ధం రాస్తే తప్పుడు ప్రమాణం చేసినందుకు చర్యలు తీసుకోవచ్చు. కావాలని భరణం ఎగ్గొడుతుంటే ఆఖరి అస్త్రంగా వాళ్ళ డిఫెన్స్‌నే కొట్టేయొచ్చు.

మన ఐటీ వాళ్ళు చేసే ఫేమస్ తెలివి ఒకటుంది. కేసు రాగానే ఉద్యోగానికి రిజైన్ చేసి "నాకు ఆదాయం లేదు" అనడం. లింక్డ్‌ఇన్లో మాత్రం "ఓపెన్ టు వర్క్", వీకెండ్లో గోవా ఫొటోలు. అమ్మాయిల వైపు కూడా ఉంటుంది, జీతం వస్తున్నా గృహిణి అని రాయడం. అటు వాళ్ళకీ ఇంటర్నెట్ ఉంది ఫ్రెండ్స్. ఒక్క అబద్ధం దొరికిందంటే మిగతా నిజాల మీద కూడా జడ్జికి నమ్మకం పోతుంది.

రెండు తేదీలు, మర్చిపోకండి

ఫ్యామిలీ కోర్టుల చట్టం అప్పీలుకి 30 రోజులంటుంది. హిందూ వివాహ చట్టం సెక్షన్ 28, 2003లో మార్చాక, 90 రోజులంటుంది. ఏది వర్తిస్తుందన్న దాని మీద కోర్టుల్లో పెద్ద వాదనలే జరిగాయి. మీరు మాత్రం 30 రోజులే అనుకుని పరిగెత్తండి. ఆలస్యమైతే కారణం చెప్పి క్షమించమని అడగాలి. ఆ కారణం నిజాయితీగా ఉందా లేదా అని కూడా చూస్తారు.

ఇంకోటి సెక్షన్ 15. అప్పీలు గడువు అయిపోకముందు, లేదా వేసిన అప్పీలు తేలకముందు మళ్ళీ పెళ్ళి చేసుకోకూడదు. గడువు దాటి అప్పీలు లేకపోయినా, అప్పీలు కొట్టేసినా అప్పుడు చేసుకోవచ్చు. తొందరపడి చేసుకుంటే రెండో పెళ్ళి మీద కొత్త గొడవ మొదలవుతుంది. మధ్యలో కొత్తగా వచ్చిన మనిషి ఇరుక్కుంటుంది, ఏ తప్పూ చేయకుండా. ఈ పాయింట్ చెప్పగానే మా వాడు ఫోన్ తీసి వాళ్ళమ్మకి కాల్ చేశాడు. "అమ్మా, ఆ ప్రొఫైల్ తీసెయ్."

కొందరు అడుగుతారు, "బ్రో, మేం ఆరేళ్ళుగా విడిగా ఉన్నాం, ఇక ఆటోమేటిగ్గా విడాకులే కదా?" కాదు. 2023 మే 1న అయిదుగురు జడ్జీల సుప్రీంకోర్టు బెంచ్ చెప్పింది, పెళ్ళి పూర్తిగా విరిగిపోతే ఆర్టికల్ 142 కింద తాను విడాకులివ్వగలనని. కానీ అది ఎవరి హక్కూ కాదు. ఆ అధికారం సుప్రీంకోర్టుకే ఉంది, మన హైకోర్టుకి కాదు. అక్కడ కూడా ఎన్నేళ్ళు విడిగా ఉన్నారనే దాంతో పాటు ఎవరేం ఆరోపణలు చేశారు, రాజీకి ఏ ప్రయత్నాలు జరిగాయి, ఇవన్నీ చూస్తారు.

మరి ఏం చేయాలి?

ఇందాకటి 2013 తీర్పులో చివరి పేజీలు ఎవరూ చదవరు. అక్కడ సుప్రీంకోర్టు అన్ని ఫ్యామిలీ కోర్టులకీ మధ్యవర్తిత్వంతో సెటిల్ చేయడానికి గట్టిగా ప్రయత్నించండని చెప్పింది. 498-ఎ కేసుల్లో కూడా, నేరం తీవ్రతని తగ్గించకుండా, సెటిల్ అయ్యే అవకాశముంటే పంపమంది. కేసు వేయకముందే మాట్లాడుకునే వీలు కూడా మీడియేషన్ సెంటర్లలో పెట్టమంది. ఒక్క రోజు కాపురానికి దాదాపు 14 ఏళ్ళు పోగొట్టుకున్న ఇద్దరు మనుషుల ఫైలు చదివాక రాసిన మాటలవి.

కాబట్టి కేసు నడుస్తుంటే నాకు అర్థమైనంతలో చెప్తా. కాగితంలో మీరు రుజువు చేయగలిగిందే రాయండి, కోపంతో ఒక్క లైను కూడా కలపకండి. కోర్టు కట్టమన్న డబ్బు కట్టండి, తీర్పు మీద కోపం ఉన్నా కట్టి అప్పీలు చేసుకోండి. వాయిదాలకి వెళ్ళండి. మీడియేషన్‌కి పిలిస్తే వెళ్ళి కూర్చోండి, కుదరకపోయినా వెళ్ళినట్టు ఉంటుంది. అవతలి వాళ్ళ ఆఫీసుకి మెయిల్ పెట్టకండి. పిల్లలుంటే వాళ్ళని మెసేజీలు మోసే పోస్ట్‌మ్యాన్ చేయకండి. నిజంగా హింస జరుగుతుంటే మాత్రం "ఫిర్యాదు చేస్తే నా కేసు పాడవుద్దేమో" అని భయపడి ఆగకండి. నిజమైన ఫిర్యాదు మీ హక్కు.

మా వాడికి ఇదంతా చెప్పా. వాడికి కోపమొచ్చింది. "అంటే నేను నోరు మూసుకుని ఉండాలా? ఆమె కౌంటర్లో నా గురించి ఏం రాసిందో తెలుసా నీకు?" అన్నాడు. తెలుసు, చదివా. అందులో కొన్ని మాటలు నాకే బాధనిపించాయి. "అది హైకోర్టు చదువుద్ది రా. మదీనా దగ్గర ఆ బిల్డింగులో ఇద్దరు జడ్జీలు కూర్చుని చదువుతారు. నువ్వు చెప్పాల్సింది వాళ్ళకి చెప్పు. నా సబ్‌స్క్రైబర్లకి చెప్తే ఏం లాభం, వాళ్ళు తీర్పివ్వరు కదా" అన్నా.

చాలాసేపు ఏం మాట్లాడలేదు. టీ చల్లారిపోయింది. పెన్‌డ్రైవ్ జేబులో పెట్టుకుని వెళ్ళిపోయాడు. రెండు రోజుల తర్వాత మెసేజ్: "లాయర్‌కి ఇచ్చేశా. ఏది వాడాలో ఆయనే చూస్తారంట."

అప్పీలు ఇంకా నడుస్తోంది. వాడు గెలుస్తాడో, ఆమె గెలుస్తుందో నాకు తెలీదు. ఆమె వైపు కథ నేను వినలేదు కూడా, అది గుర్తుంచుకోవాలి. ఆ తంబ్‌నెయిల్ మాత్రం డిలీట్ చేసేశా. ఈ నెల అద్దె సంగతి ఈ ఎపిసోడ్ చూసుకుంటుందేమో చూద్దాం.

మీకు తెలిసినవాళ్ళెవరైనా ఇలాంటి కేసులో ఉండి, రాత్రి రెండింటికి పోస్ట్ టైప్ చేస్తుంటే వాళ్ళకి ఈ వీడియో పంపండి. పోస్ట్ చేయకముందే పంపండి. మళ్ళీ కలుద్దాం, జాగ్రత్త.